అమ్మ పేరు అడగని ఫారం

తొమ్మిదో భాగం

పోయిన వారం ప్రవీణను కోరుట్ల కంటి ఆసుపత్రిలో, కంప్యూటర్ ముందు, కొరికిన సమోసా నమలడం కూడా మరిచి కూర్చున్న దగ్గర వదిలి వచ్చాం. మనిషిని వారం రోజులు అట్లా కూర్చోబెట్టడం పాపమే. ఈ వారమే పత్రిక చేతపట్టినవాళ్లకు సంగతేమిటో చెప్పకుండా ముందుకు పోవడం ఇంకా పాపం.

ప్రవీణది ఆ ఆసుపత్రిలో కోడింగ్ పని. డాక్టరు రాసిన ప్రతి రోగానికీ ఒక అంకె ఉంటుంది. ఆ అంకె వెతికి వెయ్యాలి. శుక్లానికొకటి, కన్నీటి సంచి వాపుకొకటి, రెప్ప లోపలికి తిరిగితే ఒకటి, ఆవు కొమ్ము తగిలి కన్ను చెడితే దానికీ ఒకటి. రోగమేదో తేలకపోయినా ఇబ్బంది లేదు, తేలలేదని చెప్పడానికి కూడా అంకె ఉంది. ఏడేళ్లుగా ప్రవీణ వేసిన అంకెను తప్పని తిప్పి పంపినవాళ్లు లేరు. ఆ మాట తను ఎక్కడా చెప్పుకోదు గానీ, లోపల కొంచెం గర్వం ఉంది.

అట్లాంటి మనిషికి సొంత తమ్ముడి రోగం అంతుపట్టలేదు. అఖిల్‌కు ఇరవై మూడేళ్లు. సిరిసిల్లలో సాంచాలు నడుపుతాడు, మరమగ్గాన్ని అక్కడ సాంచా అనే అంటారు. నొప్పి లేదు, ఎరుపు లేదు, దెబ్బ తగల్లేదు, రెండు నెలల్లో ఎడమకన్ను మధ్యలో చూపు కమ్ముకుపోయింది. సాంచాల దుమ్మని షెడ్డు యజమాని, వాళ్ల మాటలో ఆసామి, అన్నాడు. ఫోన్ చూసీ చూసీ అని తండ్రి మార్కండేయులు అన్నాడు. నరాల వీక్‌నెస్ అని వాడకట్టు ఆర్ఎంపీ, నరం వాచిందని మొదట చూసిన డాక్టరు, దిష్టి అని తల్లి భూలక్ష్మి. వాపు తగ్గడానికి సూదులు పొడుస్తూనే ఉన్నారు, చూపు పోతూనే ఉంది. కుడికన్ను మాత్రం బాగానే ఉందంటున్నాడు. ఆ ఒక్క కన్నును కాపాడుకోవడమే ఇప్పుడు ఆ ఇంటికి ఉన్న పని.

ప్రవీణ తన చేత్తోనే తమ్ముడికి వేసిన అంకె చివర సున్నా. కంటినరం ఎండుతోంది, ఎందుకో తెలియదు అని దానర్థం. ఆ సున్నా ఆమెకు నిద్రపట్టనివ్వక, ఇంతకుముందు సున్నా పడ్డవాళ్లెవరని పాత కాగితాలు తీస్తే రుద్రంగి కిష్టయ్య తేలాడు. అతనికీ ఇట్లాగే, ముందు ఒక కన్ను, నాలుగు నెలలకు రెండోది. ఆ కాగితం అడుగున నర్సు ఒక ముక్క రాసింది. "తోడు వచ్చినవారు: మేనమామ చంద్రమౌళి. ఈయనకూ చూపు లేదు."

ప్రవీణ అమ్మమ్మ లచ్చవ్వకు చంద్రమౌళి అని ఒక తమ్ముడుండేవాడు. నలభై ఏళ్ల కింద భివండికి బట్ట నేయడానికి పోయి మళ్లీ రాలేదని ఇంట్లో చెప్పుకుంటారు. సమోసా చేతిలో ఆగిపోయింది ఆ పేరు దగ్గరే.

సమోసా సంగతి వదిలేద్దాం. ప్రవీణ ఆ కాగితం పట్టుకుని నేరుగా డాక్టర్ సంగీత గదిలోకి వెళ్లింది. సంగీత జగిత్యాల నుంచి మంగళ, శుక్రవారాలు వస్తుంది. కంటినరం సంగతులు ఆ చుట్టుపక్కల ఆమెకు తెలిసినంత ఇంకొకరికి తెలియవు.

"మేడం, గీ సున్నాను తీసి రెండు వేస్త. వంశంలకెల్లి వచ్చిన జబ్బు అని."

"ఎందుకు? పేరు కలిసిందనా?" సంగీత కళ్లజోడు తీసింది. "చంద్రమౌళి అన్న పేరు మన రెండు జిల్లాల్ల వందమందికి ఉంటది ప్రవీణా. అనుమానాన్ని కోడ్ చెయ్యొద్దని కొత్తపిల్లలకు నేర్పేదే నువ్వు. నీ తమ్ముడని రూలు మారదు."

ఆ మాటకు ప్రవీణ ముఖం మాడిపోయింది. నిజమే, ఆ పాఠం చెప్పేది తనే. కావచ్చు, అయి ఉండొచ్చు అన్నదానికి అంకె లేదు, కంటికి కనిపించినదే వెయ్యాలి అని.

సంగీత గొంతు తగ్గించింది. "నాకూ అనుమానం ఉన్నది. గిది తల్లి నుంచి పిల్లలకు వచ్చే రకం జబ్బు. ఆడోళ్లకు చానా తక్కువగ వస్తది, కానీ తెచ్చేది వాళ్లే. అదే అయితే ఈ సూదులతోని లాభం లేదు, ఆపేద్దాం. హైదరాబాద్‌ల రక్తం పరీక్ష చేయించి, ఒక మందు ఉన్నది, మొదలు పెట్టాలె. కుడికన్ను బాగున్నప్పుడు మొదలుపెడితే కొంత ఆశ. అది గూడ పోయినంక అయితే నేను మాట ఇయ్యలేను. మీ అమ్మ తరఫున ఒక్క మనిషి, ఒక్కరంటే ఒక్కరు, ఇట్ల చూపు పోయినవాళ్లు నిజంగ ఉన్నరా? పోయి తేల్చుకొని రా. సాయంత్రంలోపల ఫోన్ చెయ్యి, లెటర్ నేనే రాస్త."

కోరుట్ల నుంచి సిరిసిల్ల పోయే బస్సు రుద్రంగి మీదుగానే పోతుంది. కిటికీ దగ్గర కూర్చున్న ప్రవీణకు ఆలోచనలు కుడితిలో పడ్డ ఎలుకలా కొట్టుకుంటున్నాయి. అఖిల్ ఫారం నింపింది తనే. "వంశంలో ఎవరికైనా ఇలాంటి సమస్య ఉందా?" అన్న గడిలో రెండో ఆలోచన లేకుండా "లేదు" అని రాసింది. ఎవరిని తలుచుకుని రాసింది? నాన్నను, పెదనాన్నను, ఇద్దరు చిన్నాన్నలను, డెబ్బై ఏళ్లకూ సూదిలో దారం ఎక్కించిన తాతను. అమ్మ తరఫువాళ్లు గుర్తే రాలేదు. అది వేరే ఇంటిపేరు, వేరే వంశం. మేనమామ ఎంత దగ్గరవాడైనా మన వంశం కాదు కదా! కిష్టయ్య కాగితం మీద కూడా అదే గడిలో "లేదు" అనే ఉంది. చూపులేని మేనమామ పక్కనే కర్ర పట్టుకుని నిలబడ్డా ఎవరూ ఆయన్ను లెక్కలోకి తీసుకోలేదు.

ఫారం మీద తండ్రి పేరు అడుగుతారు, భర్త పేరు అడుగుతారు. తల్లి పేరు అడిగే గడి లేదు. ఏడేళ్లలో ఎన్ని వేల ఫారాలు చూసిందో, ఈ సంగతి ఆమెకు ఇవాళ తట్టింది. రుద్రంగిలో ఎవరో దిగారు, ఎవరో ఎక్కారు. ప్రవీణ దిగనా వద్దా అని సీట్లోంచి సగం లేచి మళ్లీ కూర్చుంది. దిగి ఎవరి ఇంటికని పోవాలి? పోయి ఏమని అడగాలి?

కిష్టయ్య ఫోన్ నంబరు మాత్రం చీటీ మీద రాసుకుని వచ్చింది. పేషెంటు నంబరు బయటికి తేవడం ఉద్యోగం ఊడే తప్పు. దారిపొడవునా ఆమె పర్సును ఒళ్లోంచి దించలేదు.

సిరిసిల్ల ఇంటికి చేరేసరికి మధ్యాహ్నం రెండు దాటింది. లచ్చవ్వ భర్త పోయినప్పటి నుంచి కూతురు భూలక్ష్మి దగ్గరే ఉంటోంది. పక్క షెడ్డులో పదహారు సాంచాలు. గోడలకు చెవులుంటాయంటారు గానీ ఆ ఇంటి గోడలకు ఉన్నవి చెవులు కావు, చప్పుడు. పొద్దున ఆరింటి నుంచి రాత్రిదాకా టకటక టకటక. అక్కడ ముద్దు మాటలైనా, తిట్లయినా గొంతు చించుకునే చెప్పుకోవాలి.

లచ్చవ్వ అరుగు మీద చాట ఒళ్లో పెట్టుకుని బీడీలు చేస్తోంది. ఆకు కత్తిరించడం, తంబాకు పొయ్యడం, చుట్టడం, దారం కట్టడం. డెబ్బై రెండేళ్లు దాటినా ఆ వేళ్లకు కళ్లతో పనిలేదు.

"గిప్పుడొచ్చినవేందే బిడ్డా? సెలవా?" అని అరిచింది.

"అమ్మమ్మా, భివండి తాత సంగతి జర అడుగుదామని వచ్చిన."

"ఆఁ?"

"చంద్రమౌళి తాత! భివండిల ఏడుంటుండు?"

లచ్చవ్వకు వినపడిందో లేదో, "అన్నం తిన్నవా?" అంది. వంటింట్లోంచి భూలక్ష్మి చేతులు తుడుచుకుంటూ వచ్చింది. షెడ్డు గుమ్మంలో అఖిల్ కనిపించాడు. ఈమధ్య అతన్ని సాంచాల మీదికి పోనివ్వడం లేదు, పోగు తెగితే అతకలేడని. అయినా ఇంట్లో కూర్చోలేక అక్కడే తిరుగుతుంటాడు. అక్క అరుపు విని చెయ్యి ఊపాడు.

ప్రవీణకు ఓపిక అయిపోయింది. ముసలామె చెవి దగ్గరికి వంగి, ఉన్న బలమంతా గొంతులోకి తెచ్చుకుని అరిచింది.

"అమ్మమ్మా, నీ తమ్ముని కండ్లు పోయినయా లేదా?"

సరిగ్గా అప్పుడే కరెంటు పోయింది. పదహారు సాంచాలు ఒక్కసారి ఆగాయి. "పోయినయా లేదా" అన్న మాట వాడకట్టంతా వినపడింది. ఎదురింటి అరుగు మీద బీడీలు చేసే నలుగురు ఆడవాళ్లు తలలెత్తారు. షెడ్డులోంచి ఎవరో "ఎవలియి?" అని కూడా అడిగారు. ఇంకో సమయంలో అయితే ప్రవీణే పడీ పడీ నవ్వేది.

లచ్చవ్వ వేళ్లు ఆగిపోయాయి. చేతిలోని బీడీ విప్పుకుని తంబాకు చాటలో రాలింది. బుద్ధెరిగిన నాటి నుంచి ఆమె చెయ్యి అట్లా ఆగడం భూలక్ష్మి ఎప్పుడూ చూడలేదు.

"లోపలికి నడువుండ్రి," అంది ముసలామె మెల్లగా. "తలుపేసుకొని మాట్లాడుదాం."

లోపల చీకటి, ఉక్క. లచ్చవ్వ మంచం పట్టె పట్టుకుని కూర్చుంది. మొదట కోపం చేసింది.

"ఎవడు జెప్పిండే నీకు? ఎవడో గిట్టనోడు జెప్తే నువ్వు బజార్ల వెట్టి అడుగుతవా? చదువుకున్న దానివేనా నువ్వు?"

"ఎవలు జెప్పలే అమ్మమ్మా. కాయితం జెప్పింది. రుద్రంగి కిష్టయ్య అని మా దవాఖానకు వచ్చిండు రెండేండ్ల కింద. ఆయన ఎంబడి మేనమామ వచ్చిండట. చంద్రమౌళి. గుడ్డాయన."

"రుద్రంగా?" భూలక్ష్మి తల్లి వంక చూసింది. "మొగిలవ్వ పెద్దమ్మను ఇచ్చింది గాడికే గదా అవ్వా?"

మొగిలవ్వ లచ్చవ్వకు అక్క. ఆ ఇంట్లో ఆ పేరు ఎత్తకూడదు. పుట్టింటి భూమి దగ్గర అక్కచెల్లెళ్లు కొట్లాడుకుని మాటలు మానేశారని ప్రవీణ చిన్నప్పటి నుంచీ వింటున్న కథ. ఆ పేరు విన్నాక లచ్చవ్వ కోపం చల్లారిపోయింది. కొంగుతో మొహం కప్పుకుంది.

"భూమి లేదు, కొట్లాట లేదు బిడ్డా. భివండి గూడ లేదు. అంత మేం అల్లిన అబద్ధం."

భూలక్ష్మి మంచం కోడు పక్కన నేలమీద కూలబడింది.

లచ్చవ్వ చెప్పింది. ఒక వరసలో చెప్పలేదు. ముందుది వెనక, వెనకది ముందు, మధ్యలో ఏడుపు. ప్రవీణ ఏరుకుని కూర్చుకున్నది ఇది. చంద్రమౌళికి ఇరవై నాలుగో ఏట ఎడమకన్ను మసకబారింది, మగ్గం మీద ఉండగానే. ఆకుపసరు పోశారు, కరీంనగర్ తీసుకుపోయారు, మొక్కులు మొక్కారు. అప్పటికే లగ్గం ఖాయమైన పిల్ల తరఫువాళ్లు వచ్చి తమలపాకులు తిరిగి ఇచ్చి పోయారు. అంతకు ముందు తరంలో లచ్చవ్వ మేనమామకు కూడా అట్లాగే పోయిందట. ఇక ఊళ్లో మాట పుట్టింది.

"గా ఇంటి ఆడపిల్లను తెచ్చుకుంటే మొగపిల్లల కండ్లు పోతయ్ అన్నరు బిడ్డా. మా మొకం మీదనే అన్నరు. నీళ్ల కాడ, పెండ్లిళ్ల కాడ. మా అవ్వను తల ఎత్తనియ్యలే. అప్పటికి మీ అమ్మకు ఎనిమిదేండ్లు. దీనికి రేపు లగ్గమెట్ల అయితది? మొగిలక్క జెప్పింది, ఇంటిగుట్టు లంకకు చేటు, తమ్మున్ని నేను తోలుకపోత, భివండి పోయిండని జెప్పుండ్రి అని. మల్ల నేను వాళ్లింటికి పోయినా, ఆమె నా ఇంటికి వచ్చినా నలుగురు ఆరా తీస్తరని భూమి కాడ కొట్లాట పెట్టుకున్నట్టు నాటకం ఆడినం. నలభై రెండేండ్లు. పెండ్లిళ్లకు పోలే, సావులకు పోలే. రుద్రంగి బస్సు ఎక్కిన్నంటే కిటికీ తలుపేసుకునేదాన్ని."

డాక్టర్లకు ఈమధ్యే తెలిసిన సంగతి ఊరి నీళ్ల దగ్గర ఆడవాళ్లకు అప్పుడే తెలుసు. తెలిసి ఏం చేశారు? తిట్టారు. తిట్లకు భయపడి వీళ్లు దాచారు. ఎవరిమీద కోపం తెచ్చుకోవాలో ప్రవీణకు అర్థం కాలేదు. అమ్మమ్మ మీదా? ఊరి మీదా? "లేదు" అని రాసిన తన చేతి మీదా?

"అఖిల్‌కు ఎడమకన్ను పోతుంటే చూసుకుంట ఊకున్నవా అమ్మమ్మా? దినాం సూదులు పొడుస్తుంటే చూసుకుంట ఊకున్నవా?"

"నరం వాపన్నరు గదనే డాక్టర్లు! గదే అయి ఉంటదనుకున్న. గదే కావాలని దేవునికి మొక్కిన," అంటూ లచ్చవ్వ గుండెలు బాదుకుంది. "నా కడుపున పుట్టిన కొడుకులు లేరు, అదొక్కటే ఆడపిల్ల. ఇగ నాతోని ఖతమయితదనుకున్న. ఆడోళ్లకు రాదు గదా అనుకున్న."

అప్పటిదాకా నేలమీద ఉన్న భూలక్ష్మి అప్పుడు తలెత్తింది.

"నాకెల్లి వచ్చిందా వానికి?" అని అడిగింది. ఎవరినని కాదు, గోడను అడిగినట్టు అడిగింది. "అంటే నేనేనా ఇచ్చింది?"

ప్రవీణ తల్లి భుజం మీద చెయ్యి వేసింది. నీకు తెలిసి ఇచ్చినవా అమ్మా అందామనుకుంది, అంతలో ఇంకోటి తట్టింది. ఆ లెక్కన తనలోనూ ఉంది, చెల్లె సుస్మితలోనూ ఉంది. ఆ ఆలోచన వచ్చిన క్షణమే దాన్ని పక్కకు నెట్టింది. ముందు కుడికన్ను. ఇంకేదైనా తర్వాత.

"మొగిలవ్వ పెద్దమ్మమ్మ కొడుక్కు గూడ పోయినయ్ అమ్మమ్మా," అంది. "కిష్టయ్యకు. రెండు."

లచ్చవ్వ కొంగు దించి చూసింది. "కిష్టనికా? నేనే ఎత్తుకొని తిప్పిన వాన్ని! నాకు కబురు గూడ పెట్టలేదే!"

"నువ్వు పెట్టినవా, అఖిల్‌ది?"

ముసలామె కొంగు మళ్లీ మొహం మీదికి లాక్కుంది.

తలుపు కిర్రుమంది. అఖిల్ లోపలికి వచ్చి గడప పక్కన గోడకు ఆనుకుని నిలబడ్డాడు. కరెంటు లేదు, సాంచాల చప్పుడు లేదు, తలుపేమో పలచని రేకు. ఎంతసేపటి నుంచి వింటున్నాడో అతని ముఖంలో తెలియలేదు.

ప్రవీణ పర్సులోంచి చీటీ తీసింది. ఉద్యోగం ఊడితే ఊడనీ అనుకుంది. కిష్టయ్య నంబరు కొట్టి, స్పీకర్ పెట్టి, ఫోన్ అమ్మమ్మ చేతిలో పెట్టింది.

"నువ్వే అడుగు. ఆయన నీ తమ్ముడేనా, చూపు ఎట్ల పోయింది, ఎన్ని దినాలకు పోయింది. మల్ల సంగీత మేడంకు ఫోన్ల ఒక్క మాట జెప్తే చాలు. సూదులు ఆపుతరు, రేపే హైదరాబాద్ పోతం."

"నా మొకం ఎట్ల జూపియ్యాలె బిడ్డా?"

"ఫోన్ల మొకం కనవడది. మాట్లాడు."

నాలుగు సార్లు మోగింది. ఎవరూ ఎత్తరేమో అనుకుంటుండగా ఎత్తారు. లచ్చవ్వకన్నా ముసలి గొంతు, అయినా గట్టి గొంతు.

"ఎవలూ? కిష్టడు చెలక కాడ ఉన్నడు. ఎవలు మాట్లాడేది?"

లచ్చవ్వ ఫోన్ ప్రవీణ చేతికి తిరిగి ఇవ్వబోయింది. ప్రవీణ మోచేత్తో పొడిచింది.

"అక్కా. నేను, లచ్చిని."

అవతల ఎక్కడో ఒక కోడి కూసింది, ఒక బండి పోయింది. పెట్టేసిందేమోనని ప్రవీణ ఫోన్ వంక చూసింది. లేదు, లైను నడుస్తూనే ఉంది. నలభై రెండేళ్ల తర్వాత అక్క తిడుతుందేమో, ఏడుస్తుందేమో, బాగున్నావా అంటుందేమో అని ముగ్గురు ఆడవాళ్లూ ఫోన్ మీదికి వంగారు. మొగిలవ్వ అవేవీ అనలేదు.

"ఎవలికే?" అంది.

లచ్చవ్వ భోరుమంది.

"ఏడుపు తరువాత ఏడుద్దువు గాని. ఎవలికి పోయినయే లచ్చీ, జెప్పు."

"నా బిడ్డ కొడుకుకు అక్కా. ఇరువై మూడేండ్లు."

"ఒక్కటా, రెండా?"

"ఒక్కటే అక్కా. ఎడమదొక్కటే. కుడిది మంచిగనే..."

"అమ్మమ్మా," అన్నాడు అఖిల్ గోడ దగ్గరి నుంచి. అతని చేతివేళ్లు గోడ మీద తలుపు గొళ్లెం కోసం వెతుకుతున్నాయి, గొళ్లెం జానెడు దూరంలోనే ఉంది. "రెండని జెప్పు. నాలుగు దినాలాయె."